ప్రశస్తికీ చరిత్రకూ నడుమ: సాంకేతిక ప్రదర్శనల చిత్రీకరణలో నైతిక బాధ్యత

రాజశాసనాలలో దానవివరాలకు ముందు దాత వంశాన్నీ విజయాలనూ కీర్తించే ప్రశస్తి ఉండటం పరిపాటి. అలన్ బటర్‌వర్త్, వి. వేణుగోపాల్ చెట్టి 1905లో మద్రాసు నుంచి వెలువరించిన నెల్లూరు జిల్లా శాసన సంపుటాలను చదివేవారికి ఈ సంప్రదాయం సుపరిచితం. ప్రశస్తిలో అసత్యం ఉండనక్కరలేదు. ఓటమి మాత్రం సాధారణంగా చోటు చేసుకోదు. అందుకే చరిత్రకారుడు దానిని ఆధారంగా స్వీకరిస్తూనే అందులో లేనిదాని కోసం వెదుకుతాడు. నేటి సాంకేతిక ప్రదర్శన కూడా ఒక ప్రశస్తే. తయారీదారు తన యంత్రం చక్కగా పనిచేసే క్షణాన్ని మాత్రమే వేదికపై నిలపదలుస్తాడు. మరి దానిని చిత్రీకరించే వీడియోగ్రాఫర్ ప్రశస్తికారుడా, చరిత్రలేఖకుడా? ఈ నైతిక ప్రశ్నను పరిశీలించడం ప్రస్తుత వ్యాసోద్దేశం.

అమెరికాలో 1979లో ఆరంభమైన కామ్‌డెక్స్ కంప్యూటర్ రంగంలో ప్రసిద్ధమైన వాణిజ్య ప్రదర్శన. స్టీవర్ట్ షెఫే నిర్వహించిన 'ది కంప్యూటర్ క్రానికల్స్' అనే టెలివిజన్ కార్యక్రమం 1980ల నుంచి 2002 వరకు ఇటువంటి ప్రదర్శనలను చూపింది. నాడు కొనుగోలుదారులకు సమాచారమైనది నేడు ఒక తరం యంత్రాలపై పెట్టుకొన్న ఆశలకు సాక్ష్యం. 1998 ఏప్రిల్ 20న షికాగోలో జరిగిన కామ్‌డెక్స్‌లో బిల్ గేట్స్ సమక్షంలో విండోస్ 98ను చూపుతుండగా, స్కానర్‌ను తగిలించగానే తెర నీలమైపోయింది. కెమెరా ఆ క్షణాన్ని పట్టుకొంది. ప్రశస్తిలో చోటు దొరకనిది దృశ్యంలో మిగిలింది.

అయితే వైఫల్యాన్ని చూపడమే సత్యమని భావించడం పొరపాటు. ఆ కొన్ని క్షణాల దృశ్యం ముందువెనుకలు తెగిపోయి హాస్యంగా ప్రచారమైంది. ఇంకా విడుదల కాని సాఫ్ట్‌వేర్‌ను పరీక్షాదశలో చూపుతున్నారనీ, అది అదే ఏడాది జూన్ 25న విడుదలైందనీ ఆ ముక్క చెప్పదు. పొగడ్త ఓటమిని దాచినట్లే పరిహాసం సందర్భాన్ని దాస్తుంది. కనుక లేఖకుని ధర్మం లోపాన్ని వేటాడటం కాదు, క్రమాన్ని తెంచకపోవడం.

ఈ ధర్మానికి నెల్లూరు తీరం మరింత గంభీరమైన నిదర్శనాన్ని ఇస్తుంది. 2022 జిల్లాల పునర్విభజన వరకు నెల్లూరు జిల్లాలో ఉన్న శ్రీహరికోట విపణి కాదు. అయినా లోకం చూస్తుండగా యంత్రం తన సామర్థ్యాన్ని నిరూపించుకోవలసిన స్థలం. 1979 ఆగస్టు 10న అక్కడ జరిగిన తొలి ఎస్‌ఎల్‌వి-3 ప్రయోగం విఫలమై వాహనం బంగాళాఖాతంలో కూలింది. ప్రయోగాన్ని ఆపమని కంప్యూటర్ సూచించినా నిపుణుల మాటపై తాను ముందుకు సాగానని ఆ ప్రాజెక్టుకు నాయకత్వం వహించిన అబ్దుల్ కలాం తరువాతి ప్రసంగాలలో చెప్పారు. ఆ రోజు ఇస్రో అధ్యక్షుడు సతీశ్ ధావన్ పత్రికల ఎదుట బాధ్యతను తనపై వేసుకొన్నారనీ, 1980 జూలై 18న విజయం లభించినప్పుడు మాట్లాడే అవకాశాన్ని తనకిచ్చారనీ కూడా కలాం స్మరించుకొన్నారు.

ఎగసిన నిప్పునూ పొగనూ చూపే దృశ్యం ఎంత స్పష్టమైనదైనా యంత్రపు హెచ్చరికను, మనిషి నిర్ణయాన్ని, బాధ్యతా స్వీకారాన్ని చూపలేదు. అవి వాక్కు వల్లనే మనకు దక్కాయి. ప్రయోగకేంద్రం రాకముందు ఆ దీవి యానాదుల నివాసం; వారిలో పలువురు ఆ నేలను విడవవలసి వచ్చింది. ప్రయోగవేదికపై నిలిపిన కెమెరా చట్రంలోకి ఆ గతం దానంతట అది రాదు. అడిగి, విని, చేర్చవలసినదే.

వీడియోగ్రాఫర్ అనుమతితో లోపలికి వెళ్ళేవాడు, తరచు జీతానికి పనిచేసేవాడు. అతనిపై ఇంత భారం మోపడం న్యాయమా అన్న ఆక్షేపణ సహజం. ప్రశస్తి రాసిన కవి కూడా ఆశ్రితుడే. రాజు కోరని మాటలు కూడా రాయాలని అతన్ని ఎవరూ నిర్బంధించలేదు. కాని కవి రాయనిది శాసనంలో లేనేలేదు. కెమెరా మాత్రం కోరనిదానినీ గ్రహిస్తుంది. అందుచేత వీడియోగ్రాఫర్ నైతిక పరీక్ష ప్రధానంగా చిత్రీకరణలో కాక కూర్పులో, భద్రపరచడంలో ఎదురవుతుంది. యజమానికి ఇచ్చే ప్రతిలో తడబాటు లేకపోవచ్చు. మూలప్రతిని చెరిపివేయకుండా ఉంచడం మాత్రం అతని చేతిలో ఉన్నంతవరకు విస్మరించరాని కర్తవ్యం. నేటి ప్రేక్షకునికి అక్కరలేని ఆ తడబాటే రేపటి పరిశోధకునికి తొలి ఆధారం కావచ్చు.