నీ వెనక గోలీ ఒక్కడే

మారేడ్‌పల్లి, సికింద్రాబాద్

బిడ్డా,

బొల్లారం నుంచి మా ఇంటికి బస్సెక్కితే గంట కూడా పట్టదు, ఉత్తరం రాయడమెందుకు అనుకుంటావు. నువ్వు ఎదురుగా కూర్చుంటే నీ మొహం చూసి నేను మెత్తబడతాను. చెప్పాల్సినదాంట్లో సగం మింగేసి, మీ చిన్నమ్మమ్మ చేత ఇంత సర్వపిండి పెట్టించి పంపించేస్తాను. ఈసారి అట్లా చేయకూడదనే కాగితం ముందు కూర్చున్నాను.

మీ అమ్మ ఫోన్లో అంతా చెప్పింది. జింఖానాలో మ్యాచ్, మీరు ఒక గోల్ ముందున్నారు. అవతలి వింగ్ పిల్లవాడు నిన్ను రెండుసార్లు తప్పించుకుని పోయాడు, రెండోసారి నవ్వాడు. బంతి లైను దాటి బయటికి పోయాక నువ్వు వాడి చీలమండ మీద తన్నావు. రెడ్ కార్డు. పది మందితో మిగిలిన మీ జట్టు రెండు గోల్స్ తిని ఓడింది. ఇంటికొచ్చి బూట్లు మూలకు విసిరి, "ఇక బ్యాక్ ఆడను, ఫార్వర్డ్ ఇస్తే ఆడతా, లేకపోతే మానేస్తా, గోల్ కొట్టినోడి పేరే కదా రాసేది" అన్నావట.

అంతా విని నేను మీ అమ్మను ఒకటే అడిగాను. ఆ పిల్లవాడి కాలు ఎట్లా ఉంది? ఆమెకు తెలియదు. నిన్ను అడిగి చెప్పమన్నాను. నీకూ తెలియదు. మ్యాచ్ అయి మూడు రోజులు గడిచాయి బిడ్డా. నువ్వు తన్నినందుకు బాధపడ్డాను, కానీ ఈ మాటకు ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

పేరు సంగతి ముందు మాట్లాడుకుందాం, ఎందుకంటే నువ్వు అన్నది నిజం. గోల్ కొట్టినవాడి పేరే రాస్తారు. 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో మన జట్టు ఆస్ట్రేలియాను 4-2తో ఓడించి సెమీఫైనల్‌కు వెళ్లింది. నెవిల్ డిసౌజా మూడు గోల్స్ కొట్టాడని ఆట తెలిసినవాళ్లు ఇప్పటికీ చెబుతారు. ఆ జట్టులో వెనక నిలబడ్డ అజీజుద్దీన్ మన హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టువాడని నీ తోటి పిల్లల్లో ఎవరికి తెలుసు? మా నాన్నకు తెలుసు. అజీజ్ పేరెత్తితే ఆయన తినే పళ్లెం పక్కకు జరిపి మాట్లాడేవాడు.

అజీజుద్దీన్ నాలుగేళ్ల ముందు, 1952లో హెల్సింకీ ఒలింపిక్స్‌లోనూ ఆడాడు. అక్కడ యుగోస్లావియా మన మీద పది గోల్స్ కొట్టింది, మనకు దక్కింది ఒకటి. మనవాళ్లలో కొందరు ఆ చలిదేశంలో బూట్లు లేకుండా ఆడారు. పది గోల్స్ అంటే, ఫార్వర్డ్ పదిసార్లు దూరం నుంచి చూస్తాడు, బ్యాక్ పదిసార్లు వలలోంచి బంతిని తీసి మధ్యకు పంపుతాడు. అట్లా పంపిన మనిషి నాలుగేళ్లకు మళ్లీ వెనకే వచ్చి నిలబడ్డాడు. మెల్‌బోర్న్ సెమీఫైనల్‌లో ఎదురుపడ్డది అదే యుగోస్లావియా. ముందు గోల్ కొట్టింది మనమే, చివరికి 4-1తో ఓడాం. ఓటమే, కానీ పదికీ నాలుగుకూ మధ్య ఎంత చెమట కారిందో ఎక్కడా రాసి ఉండదు.

ఆ జట్లను తయారుచేసింది బడిపంతులుగా బతుకు మొదలుపెట్టిన సయ్యద్ అబ్దుల్ రహీమ్. 1950 నుంచి 1954 దాకా వరసగా ఐదేళ్లు బొంబాయిలో రోవర్స్ కప్పు గెలిచిన సిటీ పోలీస్ జట్టు ఆయన చేతిలోదే. పిల్లలు ఒక కాలికే అలవాటు పడుతున్నారని, వాటం లేని కాలితోనే ఆడాలనే పోటీలు పెట్టించేవాడు. చేతగాని కాలితో నిలదొక్కుకోవడం నేర్చుకున్నవాడికి ఓపిక దానంతట అదే వస్తుందని నాకనిపిస్తుంది. నువ్వు కుడికాలితో తప్ప బంతి తీయవని కిందటేడు నేను అన్నప్పుడు మొహం మాడ్చుకున్నావు, గుర్తుందా?

గోల్ కొడితే పేరు నిలిచిపోతుందని కూడా అనుకోకు. నువ్వు రోజూ దాటే అమ్ముగూడ తులసీదాస్ బలరామ్ పుట్టిన ఊరు. రోమ్ ఒలింపిక్స్‌లో హంగరీ మీదా, పెరూ మీదా గోల్స్ కొట్టాడు. 1962లో ఆసియా క్రీడల బంగారం తెచ్చిన జట్టులో ఉన్నాడు. ఊపిరితిత్తుల జబ్బు వల్ల ఇరవైల్లోనే ఆట ఆగిపోయింది. మిగతా బతుకు బెంగాల్‌లోనే గడిపి, 2023 ఫిబ్రవరిలో అక్కడే కన్నుమూశాడు. ఆ రోజు నేను మన వీధి చివర టీ కొట్టులో నలుగురికి ఆ సంగతి చెప్పాను. ముగ్గురు, ఎవరాయన, అని అడిగారు. ఫార్వర్డ్, ఒలింపిక్స్ గోల్స్, సొంత ఊరు, అయినా అంతే. కాబట్టి పేరు కోసం చోటు మారాలనుకుంటే ఆ లెక్క తప్పుతుంది.

ఫార్వర్డ్ ఆడిన బ్యాక్ లేడా అంటే ఉన్నాడు. జర్నైల్ సింగ్, స్టాపర్. 1962 జకార్తాలో థాయిలాండ్ మీద ఆడుతుంటే తల పగిలి ఆరు కుట్లు పడ్డాయి. తలకు కట్టుతో ఉన్నవాణ్ని రహీమ్ సాబ్ సెమీఫైనల్లో ముందుకు పంపాడు, గోల్ కొట్టాడు. సెప్టెంబరు 4న ఫైనల్లో దక్షిణ కొరియా మీద మళ్లీ ముందే ఆడి ఇంకోటి కొట్టాడు. 2-1తో గెలిచాం. రహీమ్ సాబ్ అప్పటికే క్యాన్సర్‌తో ఉన్నాడు, మరుసటి జూన్‌లో పోయాడు. జర్నైల్ ముందుకు పోయింది అలిగి కాదు. జట్టుకు అవసరమొచ్చి కోచ్ పంపితే పోయాడు. మీ కోచ్ కూడా ఒకరోజు నిన్ను ముందుకు పంపితే సంతోషంగా పో.

ఇక కోపం సంగతి. ఇది ఇప్పటిదాకా మన ఇంట్లో ఎవరికీ చెప్పలేదు.

1972లో నేను లెఫ్ట్ బ్యాక్ ఆడేవాణ్ని. మేము వెనక ఇద్దరమే బ్యాకులం. ఒకడు బంతి మీదికి పోతే రెండోవాడు వాడి వెనకకు జరిగి ఖాళీని కాయాలి. ఎవరు పోవాలో, ఎవరు ఉండాలో మాటల్లేకుండా తెలిసిపోయేది. నా జోడీ ఆడినాయన నాకంటే పదేళ్లు పెద్ద. నన్ను తమ్ముడూ అని పిలిచేవాడు. ఒక మ్యాచ్‌లో అవతలి ఫార్వర్డ్ నా తల్లిని తిట్టాడు. నాకు కళ్లు మూసుకుపోయాయి. బంతిని వదిలి వాడి వెంట సగం మైదానం దాకా ఉరికాను. ఇంతలో బంతి నేను వదిలిపోయిన ఖాళీలో పడింది. అక్కడ వాళ్లు ఇద్దరు, మా వైపు ఆయన ఒక్కడు, వెనక గోలీ. ఆయన రెండడుగులు వేసి వాళ్ల కాళ్ల మీదికి దూకాడు. గోల్ పడలేదు. ఆయన భుజం దగ్గర ఎముక విరిగింది.

ఆయన నన్ను ఒక్క మాట అనలేదు. ఆ చెయ్యి మళ్లీ పూర్తిగా లేవలేదు. తర్వాత ఎప్పుడు ఎదురుపడినా రెండో చేతితో సలాము చేసి నవ్వేవాడు. తప్పు నాదన్నా అని చెప్పాలని ఎన్నిసార్లో అనుకున్నాను. రేపు చెబుదాం, పండక్కి చెబుదాం అనుకుంటూనే ఏళ్లు గడిచాయి. బదిలీ అయి వెళ్లిపోయాడు. పోయాడని తెలిసేసరికి దినాలు కూడా అయిపోయాయి. ఆ సలాము నాకు ఇప్పటికీ కలలో వస్తుంది.

ఇందుకే చెబుతున్నాను. ఫార్వర్డ్‌కు కోపమొస్తే ఒక గోల్ పోతుంది. బ్యాక్‌కు కోపమొస్తే వాడు వదిలిన చోటుకు ఇంకొకడు తన ఒళ్లు అడ్డం పెట్టాల్సి వస్తుంది. ఆదివారం నువ్వు బయటికి నడిచాక మీ పదిమందిలో నీ జాగా ఎవరు కాశారో, వాడెంత ఉరికాడో అడిగావా?

కోపం ఎవరికైనా వస్తుంది. నీ గోడ మీద రొనాల్డో బొమ్మ ఉంది కదా, ఆయన పక్కన పోర్చుగల్‌కు ఆడిన పెపే తెలుసా? బ్రెజిల్‌లో పుట్టి పోర్చుగల్‌కు ఆడిన స్టాపర్. 2009 ఏప్రిల్‌లో రియల్ మాడ్రిడ్ తరఫున గెటాఫే మీద ఆడుతూ, కిందపడిన ఆటగాణ్ని తన్నాడు. పది మ్యాచ్‌ల నిషేధం వేశారు. బహిరంగంగా క్షమాపణ అడిగాడు. దాంతో మారిపోయాడని చెప్పను, అది అబద్ధమవుతుంది. 2014 ప్రపంచకప్‌లో జర్మనీ మీద మొదటి సగంలోనే ముల్లర్‌కు తల తాకించి రెడ్ కార్డు తిన్నాడు. పోర్చుగల్ 4-0తో ఓడింది. అప్పటికి అతనికి ముప్పై ఒకటేళ్లు, నీలా పదిహేడు కాదు.

ఆ తర్వాత రెండేళ్లకు జరిగిన సంగతి విను. 2016 జూలై 10న పారిస్ పక్కన యూరో ఫైనల్, ఫ్రాన్స్ సొంత మైదానం. అరగంట కాకముందే రొనాల్డో మోకాలి దెబ్బతో ఏడుస్తూ బయటికి పోయాడు. కోపం తెచ్చుకోవడానికి అంతకంటే కారణం కావాలా? పెపే ఆ రోజు నూట ఇరవై నిమిషాలు తన చోటులో నిలబడ్డాడు. ఫ్రాన్స్‌కు ఒక్క గోల్ దక్కలేదు. 109వ నిమిషంలో ఎడెర్ కొట్టిన గోల్‌తో పోర్చుగల్ గెలిచింది. ఫైనల్లో ఉత్తమ ఆటగాడిగా ఎంచింది మాత్రం పెపేను. 2024 యూరోలో నలభై ఒకటేళ్ల వయసులో ఆడి, ఆ పోటీ చరిత్రలోనే అందరికంటే పెద్ద వయసు ఆటగాడయ్యాడు. ఆ ఆగస్టులో ఆట విరమించాడు. దేశానికి ఆడినవి 141 మ్యాచ్‌లు. గెటాఫే రోజున బూట్లు మూలకు విసిరేసి ఉంటే ఇవేవీ ఉండేవి కావు.

మన ఊరి నుంచి ఇంకొకరిని కూడా గుర్తుంచుకో. సయ్యద్ నయీముద్దీన్. హైదరాబాద్‌లో పుట్టిన బ్యాక్, కలకత్తాలో పెద్ద క్లబ్బులు పిలిచి ఆడించుకున్న బ్యాక్. 1970 బ్యాంకాక్ ఆసియా క్రీడల్లో మన జట్టుకు కెప్టెన్. జపాన్‌ను 1-0తో ఓడించి కంచు పతకం తెచ్చారు. ఆ తర్వాత ఆసియా క్రీడల ఫుట్‌బాల్లో మనకు ఇంతవరకు పతకం లేదు. కోచ్ అయ్యాక, ఆయన దగ్గర క్రమశిక్షణ తప్పితే ఎంత పెద్ద ఆటగాడికైనా నడవదని పేరు. 1990లో ద్రోణాచార్య అవార్డు వచ్చింది, ఆటగాడిగా అర్జున 1997లో గానీ రాలేదు. పతకం తెచ్చిన ఇరవై ఏడేళ్లకు! నాకు ఆ ఆలస్యం మీద ఇప్పటికీ మంటగా ఉంది. బ్యాక్‌ల లెక్క ఈ దేశంలో ఎప్పుడూ ఆలస్యంగానే తేలుతుంది. అది న్యాయమని నీకు నచ్చజెప్పను. అయినా ఆయన ముందుకు పోయి ఆడతానని అలగలేదు.

నిన్ను చూసి ఎవరు నవ్వినా, తిట్టినా, ఒక్క పని చేయి. బంతి ఎక్కడుందో చూడు. తర్వాత వెనక్కి తిరిగి గోలీ మొహం చూడు. వాడు నిన్ను నమ్ముకుని ఉన్నాడు. ఆ రెండూ చూసేలోపు నీ కాలు కిందికి దిగుతుంది. నాకు ఈ సంగతి ఎవరూ చెప్పలేదు, ఒక మనిషి ఎముక విరిగాక నేనే తెలుసుకున్నాను.

నిన్న మీ కోచ్‌కు ఫోన్ చేశాను. ఆ పిల్లవాడు తిరుమలగిరిలో ఉంటాడట. ఎముకకు ఏమీ కాలేదు, చీలమండ వాచింది, రెండు వారాలు మైదానంలోకి రావద్దన్నారట. శనివారం సాయంత్రం నాలుగింటికి నేను లాల్ బజార్ బస్టాపులో ఉంటాను. పండ్లు నేను తెస్తాను. వాళ్ల ఇంటి గేటు దాకా నీతో వస్తాను, లోపలికి మాత్రం నువ్వొక్కడివే పోవాలి. వాళ్ల అమ్మ ఏమన్నా తల వంచుకుని విను, ఎదురు చెప్పకు. ఎంతసేపైనా నేను బయటే నిలబడి ఉంటాను.

బూట్లు మూలలోంచి తీసి మట్టి కడిగి ఆరబెట్టు. తడితో వదిలేస్తే తోలు పగులుతుంది.

నీ చిన్న తాత