ఎక్కడ పెడతారండీ?

కనుమకి ఊరెళ్ళినప్పుడు జగ్గన్నతోట ప్రభల తీర్థానికి పోవడం చిన్నప్పటి అలవాటు. మొన్న వెళ్ళినప్పుడు, నీళ్ళల్లోంచి ప్రభని మోసుకుంటూ కౌశిక దాటుతున్న కుర్రాళ్ళని ఫోన్‌లో తీశాను. వాళ్ళలో ఒకడు తడిబట్టలు పిండుకుంటూ నా దగ్గరకొచ్చి "ఎక్కడ పెడతారండీ?" అన్నాడు. ఎందుకు తీశారని అడగలేదు. తీయడం వాడికి అభ్యంతరం కాదు, ఆ తర్వాతి సంగతే కావాలి. నా దగ్గర జవాబు లేదు.

ఆ రాత్రి 'పారిస్ ఈజ్ బర్నింగ్' గుర్తొచ్చింది. 1980ల్లో న్యూయార్క్‌లో, ఇళ్ళల్లోంచి గెంటేసిన నల్లజాతి, లాటినో గే, ట్రాన్స్ యువత 'హౌస్' అనే కొత్త కుటుంబాలు కట్టుకుని, 'బాల్' అనే పోటీల్లో నడిచేవాళ్ళు, వోగింగ్ చేసేవాళ్ళు. యేల్‌లో చదివిన తెల్లజాతి మనిషి జెన్నీ లివింగ్‌స్టన్ వాళ్ళని ఏళ్ళ తరబడి తీశారు. సినిమా 1990లో వచ్చింది, 1991లో సన్‌డాన్స్‌లో బహుమతి గెలిచింది. పేరూ డబ్బూ వచ్చాక, అందులో కనిపించినవాళ్ళు కొందరు మా వాటా ఏదని లాయర్ల దగ్గరకెళ్ళారు. అందరి సంతకాలూ ఉన్నాయి కాబట్టి కేసు నిలవదన్నారు. చివరికి సుమారు 55,000 డాలర్లు 13 మందికి పంచారు, తెర మీద ఎవరెంతసేపు కనిపించారన్న లెక్కన.

సంతకం ఉంది కదా, ఇంకేంటి? నా ఉద్యోగంలో ఈ వాదన రోజూ వింటాను. యూజర్ 'ఐ అగ్రీ' నొక్కాడు, లాగ్‌లో ఉంది, అయిపోయింది. కానీ ఆ లాగ్ చెప్పేది నొక్కాడని మాత్రమే. దేనికి ఒప్పుకున్నాడో వాడికి తెలుసని కాదు.

అసలు తీసేవాడికైనా తెలుస్తుందా? 2022 మే 24న జిల్లా పేరు గొడవలో అమలాపురంలో మంత్రి ఇల్లూ, ఎమ్మెల్యే ఇల్లూ తగలబెట్టారు. ఆ రోజు వీడియోలు చూసే పోలీసులు చాలామందిని గుర్తుపట్టారు. నేరం చేసినవాళ్ళు దొరికారని నాకు బాధ లేదు. ఒక దృశ్యం తీసినవాడి ఉద్దేశంతో సంబంధం లేకుండా ఎంత దూరం పోతుందో మా ఊళ్ళో అందరం చూశాం, అంతే.

అలాగని ప్రతి ఫ్రేమ్‌కీ అనుమతి అడగాలనను. అలా అయితే అధికారంలో ఉన్నవాళ్ళ మీద సినిమాయే తీయలేం. లివింగ్‌స్టన్ తీయకపోతే వీనస్ ఎక్స్‌ట్రావగాంజా మాటలు మనదాకా వచ్చేవి కావు. షూటింగ్ సాగుతుండగానే, 1988లో, ఆమెని ఎవరో చంపేశారు. అందుకే ఆ సినిమా తీయకుండా ఉండాల్సింది అనలేను. నేననేది ఒకటే: కెమెరా ముందున్న మనిషికి బలం ఎంత తక్కువైతే, తీసినవాడి బాకీ అంత ఎక్కువ. ఆ బాకీ సంతకంతో తీరదు, సినిమా జనంలోకి వెళ్ళాకే మొదలవుతుంది.

హైదరాబాద్‌లో పుట్టిన దీపా ధన్‌రాజ్, యుగాంతర్ బృందంతో 1983లో 'ఇది కథ మాత్రమేనా' తీసినప్పుడు స్త్రీ శక్తి సంఘటన వాళ్ళతో కలిసి తీశారు. 'వాళ్ళ మీద' తీయడానికీ 'వాళ్ళతో' తీయడానికీ తేడా అక్కడుంది.

మర్నాడు ఆ కుర్రాడి నంబర్ కనుక్కుని వీడియో పంపాను. "నేను జారిపోయిన ముక్క తీసేయండి. మిగతాది పెట్టుకోండి, ఆయ్" అన్నాడు. మొత్తం వీడియోలో బాగున్నది ఆ ముక్కే. తీసేశాను.