తాళం వేసిన తెర మీద ఎవరి బొమ్మ?



మీ ఇంట్లో కంప్యూటరు ఉన్నదా? ఉంటే ఒక చిన్న ప్రశ్న. లేచి వెళ్ళి చూడకుండా, కూర్చున్న చోటి నుండే చెప్పండి: దాని లాక్ స్క్రీన్ మీద ఇప్పుడు ఏ బొమ్మ ఉన్నది?

మా విచారణలో తెలిసిన ఒకాయనను ఈ ప్రశ్నే అడిగాను. రోజంతా ఇంట్లోనే కంప్యూటరు మీద లెక్కలు చూసుకునే మనిషి. కాసేపు ఆలోచించి, “ఏదో సరస్సండి, వెనుక కొండలు కూడా ఉండాలి” అన్నారు. ఆయన భార్య వంటగదిలో నుండే, “సరస్సు పోయి నెలయింది. ఇప్పుడు నక్క” అన్నారు. ఆవిడ ఆ కంప్యూటరును దుమ్ము తుడవడానికి తప్ప ముట్టుకోరు.

ఆ మాట నా మనసులో ఉండిపోయింది. ఎందుకో తరువాత చెబుతాను.

కంప్యూటరులో మనకు నచ్చిన బొమ్మ పెట్టుకోవడానికి రెండు చోట్లు ఉన్నాయి. ఒకటి లోపలిది. పాస్‌వర్డు కొట్టి లోపలికి వెళ్ళాక కనిపించే డెస్క్‌టాప్. రెండవది బయటది. విండోస్ గుర్తు ఉన్న మీటను, ఎల్ అక్షరపు మీటను కలిపి నొక్కితే కంప్యూటరుకు తాళం పడుతుంది. అప్పుడు గంట, తేదీ, వాటి వెనుక ఒక బొమ్మ కనబడతాయి. అదే లాక్ స్క్రీన్. ఇంచుమించు ఇప్పటి రూపంలో ఇది 2012లో విండోస్ 8తో పాటు వచ్చింది. మార్చుకోవడం కష్టం కాదు. సెట్టింగ్స్‌లోకి వెళ్ళి పర్సనలైజేషన్, అందులో లాక్ స్క్రీన్ తెరిస్తే మూడు దారులు కనబడతాయి. స్పాట్‌లైట్ అనునది కంపెనీవారే ఇంటర్నెట్ ద్వారా పంపి మారుస్తూ ఉండే బొమ్మ. పిక్చర్ అంటే మనం ఎంచుకున్న ఒక్క బొమ్మ. స్లైడ్‌షో అంటే మన ఫొటోలే ఒకదాని తరువాత ఒకటి. మొత్తం రెండు నిమిషాల పని. ఇంత చిన్న పనిలో ధర్మసందేహం ఏమున్నదని మీరు అడగవచ్చు. కొన్నేళ్ళ క్రితం వరకు నేనూ అలాగే అడిగేవాణ్ణి.

పాతకాలపు కంప్యూటర్లు చూసినవారికి ఒక సంగతి గుర్తుండవచ్చు. అప్పటి మానిటర్లు టీవీల లాగ గాజు గొట్టంతో చేసినవి. ఒకే బొమ్మ చాలాకాలం కదలకుండా నిలిస్తే లోపలి పూత కాలి, తెర మీద దాని చార శాశ్వతంగా ఉండిపోయేది. అందుకే స్క్రీన్ సేవర్లు పుట్టాయి. మనిషి లేచిపోగానే తెర మీద ఏదో ఒకటి కదులుతూ ఉండాలి, అంతే. అక్కరతో మొదలైనది అలంకారంగా మారింది. విండోస్ 95 నాటికి మనకు నచ్చిన మాట రాసి పెడితే అది తెర మీద ఈ చివరి నుండి ఆ చివరకు పాకుతూ పోయేది. ఆఫీసుల్లో సొంత పేర్లు పాకించుకున్నవారు ఎందరో!

ఆ తరువాత 2001లో విండోస్ ఎక్స్‌పీ వచ్చింది. పచ్చని గుట్ట, నీలి ఆకాశం, తెల్లని మబ్బులు. మన ఊళ్ళలో నెట్ సెంటరు మెట్లెక్కిన ప్రతివారూ ఆ గుట్టను చూసినవారే. అది లాక్ స్క్రీన్ కాదు, లోపలి డెస్క్‌టాప్ బొమ్మ. చాలామంది అది చేత్తో గీసినదో, కంప్యూటరులో తయారు చేసినదో అనుకున్నారు. కాదు. 1996లో కాలిఫోర్నియా రాష్ట్రంలోని సొనోమా ప్రాంతంలో చార్లెస్ ఓరేర్ అనే ఫొటోగ్రాఫరు తీసిన నిజమైన ఫొటో అది. అంతకుముందు ఆ గుట్ట నిండా ద్రాక్షతోట ఉండేది. ఫిలాక్సెరా అనే పురుగు పట్టి తీగలు పీకేయవలసి వచ్చింది. ఆ ఖాళీ నేల మీద మొలిచిన పచ్చిక మనం చూసినది. ఆయన అప్పుడు, తరువాత తాను పెళ్ళాడిన స్త్రీని చూడడానికి కారులో వెళుతూ దారిలో ఆగాడట. అంటే ఆ గుట్ట ఒక రైతుకు పోయిన తోట. ఒక మనిషికి ప్రేమించిన ఆమె ఇంటికి పోయే దారి. మనకు మాత్రం కంప్యూటరు కొన్నప్పుడు దానితో పాటు వచ్చిన బొమ్మ.

ఇక మా ఇంటి సంగతి.

మా కంప్యూటరు ముందుగదిలో ఉంటుంది. పిల్లలు ఏం చూస్తున్నారో పెద్దల కంట పడాలని మొదట్లోనే అక్కడ పెట్టాము. దానికి ఎదురుగా అమ్మ కుర్చీ. 2021 మే నెలలో కరోనా రెండవ విడతలో నా తమ్ముడు చనిపోయాడు. ఆ రోజులు మీకందరికీ గుర్తే ఉంటాయి. సమాధి దగ్గర నలుగురం నిలబడ్డాము. అమ్మను తీసుకుపోలేకపోయాము. చివరిసారి కొడుకు ముఖం చూడలేదు ఆమె.

కొంతకాలం గడిచాక తమ్ముడి ఫొటో పెద్దది చేయించి గోడకు పెడదామన్నాను. అమ్మ ఒప్పుకోలేదు. “గోడకెక్కితే దండ వేస్తారు. వాడికి దండ వేయొద్దు” అన్నది. ఇక ఏం చేయాలో తోచక, వాడి ఫొటో ఒకటి కంప్యూటరు లాక్ స్క్రీన్ మీద పెట్టాను. నవ్వుతూ నేరుగా మనల్నే చూస్తున్న ఫొటో అది. అమ్మ ఏమీ అనలేదు. కుర్చీ కాస్త ముందుకు జరుపుకున్నది.

నిలువు ఫొటోను అడ్డంగా ఉన్న తెరకు పెడితే తల పైభాగమో కాళ్ళో తెగిపోతాయి. విండోస్ 11లో గంట అంకెలు తెర పైభాగాన మధ్యలో పెద్దవిగా వస్తాయి. మొదటి రోజు అవి తమ్ముడి నుదుటి మీద పడ్డాయి. “వాడి మొహాన ఆ అంకెలేందిరా” అన్నది అమ్మ. ఫొటోను ముందుగా మనమే అడ్డంగా కత్తిరించి, ముఖం ఒక పక్కకు వచ్చేటట్లు చూసి పెడితే ఈ బాధ ఉండదు. మీలో ఎవరికైనా పనికివస్తుందని చెబుతున్నాను.

తాళం పడిన కొద్దిసేపటికే తెర నల్లబడిపోతుంది. అమ్మ ఒక్క విద్య నేర్చుకున్నది. మౌసును వేలితో కొంచెం కదిపితే బొమ్మ వస్తుంది. నొక్కకూడదు. నొక్కితే బొమ్మ మసకబారి పాస్‌వర్డు అడుగుతుంది. ఆమెకు పాస్‌వర్డు తెలియదు, దానితో పనీ లేదు. ఇలా ఏడాదిన్నర నడిచింది. ఈ సంగతి ఇంట్లో నాకు తెలియదు. నేను పగలు ఇంట్లో ఉండను కదా.

ఒకనాటి సాయంత్రం పని నుండి వచ్చేసరికి అమ్మ కంప్యూటరు ముందు నిలబడి ఉన్నది. తెర మీద ఏవో మంచుకొండలు. “వాడేడిరా?” అన్నది.

మా అబ్బాయి మార్చాడు. అప్పుడు వాడు తొమ్మిదవ తరగతి. నాకు కోపం వచ్చింది. గట్టిగానే అరిచాను. ఎవరిని అడిగి మార్చావన్నాను. వాడు తల దించుకుని చాలాసేపు మాట్లాడలేదు. చివరకు, “బాబాయి నన్నే చూస్తున్నట్టు ఉంటుంది నాన్నా. ఆడుకుందామని కూర్చున్నా అదే, చదువుకుందామని కూర్చున్నా అదే. నాకు భయంగా ఉంటుంది” అన్నాడు. వాడు బాబాయి భుజాల మీద పెరిగినవాడు. వాడి దుఃఖం గురించి ఆ ఏడాదిన్నరలో నేను ఒక్కసారి కూడా అడగలేదు.

ఇప్పుడు చెప్పండి, ఎవరి మాట న్యాయం?

కంప్యూటరు వాడేవాడి ఇష్టమే చెల్లాలని కొందరంటారు. వాడి వస్తువు, వాడి బొమ్మ. లోపలి డెస్క్‌టాప్ విషయంలో నేను ఇందుకు ఒప్పుకుంటాను. పాస్‌వర్డు దాటి వెళ్ళినవాడి గది అది. అక్కడ సినిమా హీరోను పెట్టుకుంటాడో, క్రికెట్ ఆటగాడిని పెట్టుకుంటాడో వాడి ఇష్టం. లాక్ స్క్రీన్ అలాంటిది కాదు. ఒకసారి ఆలోచించండి. లోపలికి పోగలిగినవాడు దానిని రెండు క్షణాలు కూడా చూడడు. వేళ్ళు అప్పటికే పాస్‌వర్డు కొడుతూ ఉంటాయి. దానిని నిజంగా చూసేది లోపలికి పోలేనివారు. పక్కన కూర్చున్నవారు, ఇల్లు ఊడ్చేవారు, వచ్చిపోయే చుట్టాలు, పాస్‌వర్డు తెలియని ముసలివారు. నక్క బొమ్మ సంగతి ఆ ఇంటి ఇల్లాలికి తెలిసి, భర్తకు తెలియకపోవడం ఇందువల్లనే.

వేరువేరు ఖాతాలు పెట్టుకుంటే ఎవరి బొమ్మ వారికి ఉంటుందని మా అబ్బాయి అన్నాడు. నిజమే, విండోస్‌లో ఆ ఏర్పాటు ఉన్నది. కాని అమ్మకు ఖాతా లేదు. ఖాతా లేనివారి తరఫున ఎవరు ఎంచాలి?

అలాగని అమ్మ ఇష్టమే చెల్లాలని తేల్చివేయడానికి కూడా నాకు మనసొప్పలేదు. దుఃఖం పెద్దదైనంత మాత్రాన అది అందరి కళ్ళ ముందు నిలబడే హక్కు సంపాదిస్తుందా? పిల్లవాడు రోజూ కూర్చోవలసిన చోటు అది. పెద్దల దుఃఖానికి పిల్లలను కాపలా పెట్టడం మన ఇళ్ళలో తెలియకుండా జరిగిపోతుంది. నేనూ అదే చేశాను. బొమ్మ పెట్టిన నాడు నేనూ ఎవరినీ అడగలేదు, అబ్బాయిని మాత్రం ఎవరిని అడిగి తీశావని గద్దించాను.

ఇక్కడ మరొక మాట. యేసు తిరుహృదయ పటం పెడితే ఈ తగవే ఉండదు కదా అని ఒక పెద్దావిడ సలహా ఇచ్చారు. అలా పెట్టుకున్నవారిని నేను తప్పు పట్టను. పటానికి చేసే గౌరవం పటంలోని వారికే చెందుతుందని 787లోనే రెండవ నైసియా మహాసభ తేల్చింది, కనుక గాజు తెర అయితేనేమి, చెక్క పలక అయితేనేమి. అయినా నా మనసు ఒప్పుకోదు. గోడ మీది పటానికి ఒక చోటు ఉన్నది, దీపం ఉన్నది. దాని ముందు మనం ఆగుతాము. లాక్ స్క్రీన్ తొలగించడానికే ఉన్నది. రోజుకు ఇరవైసార్లు మీట కొట్టి పక్కకు నెట్టే చోట ఆయనను నిలబెట్టడం నాకు ఇబ్బందిగా తోస్తుంది. పైగా ఇంట్లో తగవు తప్పించుకోవడానికి దేవుణ్ణి అడ్డం పెట్టుకోవడం భక్తి అనిపించుకోదు.

మొదట స్లైడ్‌షో పెట్టి చూశాము. అందరి ఫొటోలు వంతులవారీగా వస్తాయి, అందరికీ న్యాయమే అనుకున్నాము. అమ్మ తమ్ముడి వంతు కోసం ఎదురుచూస్తూ కూర్చునేది. పెళ్ళి ఫొటోలు, పిల్లల బడి ఫొటోలు పోతూ ఉండేవి. అన్నం చల్లారిపోతున్నదని నా భార్య పిలిచినా, “ఇప్పుడు వస్తాడు, ఉండవే” అనేది. మూడు రోజులు చూసి తీసేశాము.

ఆ ఆదివారం పూజ నుండి వచ్చాక ముందుగదిలో అందరం కూర్చున్నాము. పాత ఫొటోలన్నీ తెర మీద ఒక్కొక్కటే తిప్పాము. మా మరదలు కూడా ఊరి నుండి వచ్చింది. తమ్ముడి సెల్లులోని ఫొటోలు ఆమె తెచ్చినవే. ఇద్దరికీ సరిపడేది దొరుకుతుందని నాకు ఆశ లేదు. గంట గడిచింది. అప్పుడొక ఫొటో వచ్చింది. ఎండుమిర్చి కల్లం. నేలంతా ఎర్రగా పరుచుకుని ఉన్నది. దూరాన ఒక మనిషి వీపు తిప్పి, వంగి కాయలు తిరగదోస్తున్నాడు. తలకు తువ్వాలు. ముఖం కనబడదు. వేలెడంత మనిషి.

“ఇది పెట్టు” అన్నది అమ్మ. ఇందులో మొహం కనబడదు కదమ్మా అన్నాను. “నాకు తెలియదా వాడి వీపు” అన్నది. మా అబ్బాయి వంక చూశాను. వాడు దగ్గరకు వచ్చి చూసి, “బాబాయి పని చేసుకుంటున్నాడు. నన్ను చూడట్లేదు” అన్నాడు. వాడి చేతనే పెట్టించాను. గంట అంకెలు పైన ఆకాశంలో పడ్డాయి, ఎవరికీ అడ్డం లేదు.

ఇంటికి వచ్చిన కొత్తవారు అది చూసి, మిర్చి బొమ్మ బాగుందండి, ఇంటర్నెట్‌లో దొరికిందా అని అడుగుతారు. ఔనని కాని, కాదని కాని అనకుండా ఊరుకుంటాము. అమ్మ మాత్రం వారు వెళ్ళాక, “కనబడలేదు వాళ్ళకు” అని ఒకరకమైన సంతోషంతో అంటుంది.

మీ లాక్ స్క్రీన్ మీద ఇంటివారి ఫొటో పెట్టేముందు మరొక సంగతి కూడా చూసుకోండి. మెయిలు, సందేశాలు తాళం పడిన తెర మీద కూడా తొంగిచూసే ఏర్పాటు విండోస్‌లో ఉన్నది. సెట్టింగ్స్‌లో నోటిఫికేషన్స్ దగ్గర దానిని ఆపవచ్చు. మేము ఆపించాము. తమ్ముడి వీపు మీద బ్యాంకు వారి అప్పు ప్రకటన ఒకసారి ప్రత్యక్షమైంది మరి.

ఇప్పుడు మా అమ్మాయి విజయవాడలో హాస్టలుకు వెళ్ళబోతున్నది. తాను వెళ్ళాక తెర మీద తన ఫొటో పెట్టాలని, అదీ నేరుగా చూస్తున్నదే పెట్టాలని ఇప్పటి నుండే పోరు పెడుతున్నది. మళ్ళీ ఒక ఆదివారం అందరం కూర్చోవలసి వచ్చేటట్లున్నది. అమ్మను అడిగితే, “ముందు దాన్ని వెళ్ళనీయరా” అన్నది, మౌసు కదుపుతూ.