ఇవ్వనిది తీసుకోవడం



మొన్న ఆదివారం రావల్కోల్‌లో బుద్ధ వందన అయ్యాక పిల్లలకు ఒక సినిమా గురించి చెప్పాను. ‘డెత్ ఆఫ్ ఎ జెంటిల్మన్’ అని 2015లో వచ్చిన డాక్యుమెంటరీ. తీసింది శామ్ కాలిన్స్, జరాడ్ కింబర్ అనే ఇద్దరు క్రికెట్ విలేకరులు. ఒకాయనది ఇంగ్లాండు, ఇంకొకాయనది ఆస్ట్రేలియా. టెస్టు క్రికెట్ ఎందుకు నీరసపడుతోందని అడుగుతూ బయల్దేరి, చివరికి డబ్బు దగ్గర తేలారు. 2014లో భారత్, ఇంగ్లాండు, ఆస్ట్రేలియా బోర్డులు ఐసీసీలో పెత్తనాన్నీ, రాబడిలో పెద్ద వాటానూ తమవైపు తిప్పుకున్నాయి. ఆ ఇద్దరూ సొంత దేశాల బోర్డులను కూడా వదల్లేదు, గమనించండి.

అంతా విని ఒక పిల్లవాడు, “అన్నా, వాళ్ల బోర్డు, వాళ్ల పైసలు. మనకేంది?” అన్నాడు.

నాకు వెంటనే జవాబు తట్టలేదు. ఇంటికొచ్చాక రెండో శీలం గుర్తొచ్చింది. అదిన్నాదానా వేరమణి అంటే దొంగతనం చేయనని చెప్పుకొని వదిలేస్తాం. అసలు మాట దానికన్నా పెద్దది: ఇవ్వనిది తీసుకోను. నలుగురి కోసమని చేతిలో పెట్టినదాన్ని సొంతానికి వాడుకోవడం కూడా ఇందులోకే వస్తుంది. బోర్డుల డబ్బు ఎక్కడిది? టికెట్ కొన్నవాడిది, టీవీ ముందు కూర్చున్నవాడిది. ఆటను పెంచమని ఇచ్చింది.

మన దేశంలో ఏం జరిగిందో చూడండి. బోర్డు పదవిలో ఉన్నవాళ్లు ఐపీఎల్ జట్టులో వాటా పెట్టుకోవచ్చని 2008లో నిబంధనే మార్చారు. అప్పట్లో బోర్డు అధ్యక్షుడిగా ఉన్న శ్రీనివాసన్ నడిపిన ఇండియా సిమెంట్స్‌దే ఆనాడు చెన్నై జట్టు. తీర్పు చెప్పేవాడూ, పోటీలో ఉన్నవాడూ ఒక్కడే! 2015 జనవరిలో సుప్రీంకోర్టు ఆ నిబంధనను కొట్టేసింది. అంత దూరం ఎందుకు, ఉప్పల్ స్టేడియం మన జిల్లాదే కదా. హైదరాబాద్ క్రికెట్ సంఘాన్ని సరిదిద్దమని 2023లో సుప్రీంకోర్టు జస్టిస్ నాగేశ్వరరావు గారిని పెడితే, ఆయన 57 క్లబ్బులకు ఓటు లేకుండా చేశారు. కొద్దిమంది చేతుల్లోనే పలు క్లబ్బులు ఉన్నాయని తేలింది మరి. క్లబ్బు వాళ్లదైతే ఓటు వాళ్లది, ఓటు వాళ్లదైతే కుర్చీ వాళ్లది.

మనవాళ్లకు ఈ ఆటలో గేటు దాటడం ఎప్పుడూ కష్టమే. 1911లో ఇంగ్లాండు వెళ్లి వందకు పైగా వికెట్లు తీసిన పల్వంకర్ బాలూను, దళితుడని, హిందూ జట్టుకు కెప్టెన్ చేయలేదు.

ఇంత జరిగినా ఎవరూ ఎందుకు అడగరు? భక్తి. రాజకీయాల్లో భక్తి నియంతృత్వానికి దారి తీస్తుందని బాబాసాహెబ్ 1949 నవంబరు 25న రాజ్యాంగ సభలో హెచ్చరించారు. క్రికెట్లోనూ అంతే. ఆటగాడి ఫొటోకు పాలాభిషేకం చేసేవాడు లెక్కలు అడుగుతాడా? ఆట చూడొద్దని నేననను, నేనూ చూస్తాను. ఆ సినిమా తీసినవాళ్లు ఆట మీద ప్రేమ ఉండబట్టే అడిగారు.

ఇదంతా ఆ పిల్లవాడికి ఫోన్లో చెప్పాను. వాడు కాసేపు ఊరుకొని, “మరి మన ఆదివారం చందాల లెక్క ఎవరు చూస్తున్నరన్నా?” అన్నాడు. పుస్తకం నా దగ్గరే ఉంది. రెండు నెలలుగా రాయలేదు. ఈ వ్యాసం పక్కన పెట్టి ముందు అది రాశాను.