లాగుకునే శ్వాస, నెట్టే శ్వాస

గాలి ఊపిరితిత్తుల్లోకి చేరడానికి రెండే దారులున్నాయి: ఛాతీ విప్పారి లోపలి పీడనం తగ్గితే బయటి గాలి తానుగా వచ్చి నిండుతుంది, లేదా బయటినుంచి ఎక్కువ పీడనంతో నెడితే అది లోపలికి పోతుంది. మొదటిదానిని రుణ పీడన శ్వాస అని, రెండవదానిని ధన పీడన శ్వాస అని వైద్యశాస్త్రం వ్యవహరిస్తుంది. భౌతికశాస్త్రానికి ఇది పీడనాల హెచ్చుతగ్గుల లెక్క మాత్రమే. ఊపిరినే ప్రాణంగా ఎంచిన మతాలకు, దర్శనాలకు మాత్రం ఇందులో తప్పించుకోలేని ప్రశ్న ఉంది. శరీరం కోరకపోయినా యంత్రం గాలిని నెడుతూ ఛాతీని ఎత్తి దించుతున్నప్పుడు ఆ శ్వాస ఎవరిది, దానిని చూసి ఆ మనిషి బతికే ఉన్నాడని చెప్పవచ్చునా అన్నదే ఆ ప్రశ్న.

సహజమైన ఊపిరి పూర్తిగా రుణ పీడన వ్యవహారం. రక్తంలో కార్బన్ డయాక్సైడ్ కాస్త పెరగగానే, మెదడును వెన్నుపాముతో కలిపే మెదడు కాండం ఆ మార్పును పసిగట్టి నరాల ద్వారా ఆజ్ఞ పంపుతుంది. ఛాతీకి, పొట్టకు మధ్య అడ్డుగా ఉన్న డయాఫ్రం అనే కండరం కిందికి దిగుతుంది, పక్కటెముకలు పైకి లేస్తాయి, ఊపిరితిత్తులను చుట్టుకొని ఉన్న రెండు పొరల మధ్య పీడనం వాతావరణంతో పోలిస్తే సుమారు మైనస్ 5 సెంటీమీటర్ల నీటి మట్టం నుంచి మైనస్ 8కి జారుతుంది. గాలి చేరే చివరి గదులైన వాయుకోశాల్లో తగ్గేది ఒక్క సెంటీమీటరే, అంటే వాతావరణ పీడనంలో దాదాపు వెయ్యో వంతు. అర లీటరు గాలి లోపలికి రావడానికి అంతటి స్వల్పమైన వెలితి చాలు. ఆ వెలితి గుండెకూ తోడ్పడుతుంది, ఎందుకంటే ఛాతీలో పీడనం తగ్గినప్పుడు సిరల్లోని రక్తం సులువుగా గుండెను చేరుతుంది. ధన పీడన యంత్రం ఈ ఏర్పాటును తలకిందులు చేస్తుంది: గాలిని నెట్టినంతసేపూ ఛాతీలో పీడనం పెరిగి, గుండెకు తిరిగివచ్చే రక్తం తగ్గి, కొందరిలో రక్తపోటు పడిపోతుంది, మోతాదు మించితే వాయుకోశాలే దెబ్బతింటాయి. ఊపిరితిత్తులు తీవ్రంగా దెబ్బతిన్న 861 మందిపై అమెరికాలో జరిపిన అధ్యయనం 2000లో వెలువడినప్పుడు, ఒక్కో ఊపిరికి కిలో బరువుకు 12 మిల్లీలీటర్లకు బదులు 6 మిల్లీలీటర్లే పంపితే మరణాలు 40 శాతం నుంచి 31 శాతానికి తగ్గుతాయని తేలింది.

యంత్రాల చరిత్రలో ముందుగా విస్తృతంగా వాడుకలోకి వచ్చింది రుణ పీడనమే. 1928లో హార్వర్డ్‌కు చెందిన ఫిలిప్ డ్రింకర్, లూయీ షా రూపొందించిన ఐరన్ లంగ్ అనే ఉక్కు పెట్టెలో రోగి పడుకుంటాడు, మెడ చుట్టూ రబ్బరు పట్టీ బిగించి ఉంటుంది, తల మాత్రం బయట ఉంటుంది. పెట్టెలో పీడనాన్ని తగ్గించినప్పుడల్లా ఛాతీ విప్పారి గాలి ముక్కుగుండా లోపలికి వస్తుంది. గొంతులో గొట్టం ఉండదు కనుక రోగి మాట్లాడగలడు, తినగలడు. పోలియోతో కండరాలు చచ్చుబడినవారు ఆ పెట్టెల్లో ఏళ్ల తరబడి జీవించారు.

ధన పీడనం వైపు వైద్యం మళ్లింది 1952లో, కోపెన్‌హాగెన్‌లోని బ్లెగ్‌డామ్ ఆసుపత్రిలో. ఆ ఏడాది డెన్మార్క్‌ను చుట్టుముట్టిన పోలియోలో గొంతు కండరాలు కూడా పనిచేయక, ఉమ్మి మింగలేక, ఊపిరి ఆడక ఆ ఆసుపత్రికి చేరిన మొదటి 31 మందిలో 27 మంది మరణించారు. ఉన్నది ఒక ఐరన్ లంగ్, ఛాతీకి మాత్రమే తొడిగే ఆరు చిన్న పరికరాలు. రక్తంలో కనిపిస్తున్న మార్పును వైద్యులు క్షారగుణం పెరగడంగా భావిస్తుండగా, అది బయటికి పోలేక పేరుకున్న కార్బన్ డయాక్సైడ్ అని మత్తుమందు నిపుణుడు బ్యోర్న్ ఇబ్సెన్ గ్రహించాడు. ఆగస్టు 27న పన్నెండేళ్ల బాలిక వాయునాళానికి రంధ్రం చేయించి, అందులోకి గొట్టం దింపి, రబ్బరు సంచిని చేత్తో నొక్కుతూ ఆమె ఊపిరితిత్తుల్లోకి గాలిని పంపాడు. ఆ బాలిక బతికింది. తరువాత కొన్ని నెలలపాటు దాదాపు 1,500 మంది విద్యార్థులు వంతులవారీగా రోగుల పక్కన కూర్చొని రాత్రింబగళ్లు సంచులు నొక్కారు, మరణాలు బాగా తగ్గాయి. ధన పీడనాన్ని హింసగా చిత్రించే ఏ తత్త్వవేత్త అయినా ముందుగా సమాధానం చెప్పవలసింది ఈ దృశ్యానికి: ఇక్కడ నెట్టింది యంత్రం కాదు, పక్కన కూర్చొని రోగి ముఖాన్ని చూస్తూ నొక్కిన మరో మనిషి చెయ్యి.

కనుక లాగుకోవడం సహజం, నెట్టడం కృత్రిమం అన్న విభజన లోతైనది కాదు. ప్రకృతిలో కప్ప నోటిలోని గాలిని ఊపిరితిత్తుల్లోకి నెట్టుకునే ఊపిరి తీస్తుంది. బైబిల్ ఆదికాండంలో మొదటి మనిషి ప్రాణం పొందింది సృష్టికర్త అతని నాసికల్లోకి ఊదడంవల్లే. అటువైపు ఐరన్ లంగ్ కూడా రోగి కండరాల పనిని పూర్తిగా తానే చేస్తుంది. అయినా రెండు విధానాల మధ్య అంతకంటే సున్నితమైన భేదం ఒకటి మిగిలే ఉంది: ధన పీడనం అత్యంత సమర్థమైనది కాబట్టి, మెదడు పూర్తిగా నశించిన శరీరంలో సైతం అది గాలిని, దానివల్ల గుండెను, కొంతకాలం నడపగలదు. పారిస్ వైద్యులు మొల్లారే, గులాన్ 1959లో వర్ణించిన స్థితి, కోమాకు అవతల ఉన్న కోమా, ఈ యంత్రం లేకుంటే లోకంలో ఉండేదే కాదు.

ఛాతీ కదలికే ప్రాణం కాదన్న సంగతి అంతకు చాలా ముందే బయటపడింది. 1667లో లండన్ రాయల్ సొసైటీ ఎదుట రాబర్ట్ హుక్, ఛాతీ తెరిచిన కుక్క ఊపిరితిత్తులకు సన్నని రంధ్రాలు పొడిచి, కొలిమితిత్తులతో ఎడతెగకుండా గాలి పంపి, ఊపిరితిత్తులు ఏమాత్రం కదలకపోయినా ఆ ప్రాణి బతికే ఉందని చూపించాడు. కరుణ లేని ప్రయోగమే అది, కాని దాని ఫలితాన్ని కాదనలేరు. అయితే శ్వాస కదలికలో లేని ప్రాణం మరి దేనిలో ఉంది?

ఛాందోగ్యోపనిషత్తు అయిదవ అధ్యాయంలో ఇంద్రియాలు తమలో ఎవరు గొప్ప అని వాదించుకుంటాయి. వాక్కు, కన్ను, చెవి, మనస్సు ఒక్కొక్కటీ ఏడాదిపాటు వెళ్లిపోయినా శరీరం నిలుస్తుంది, ముఖ్యప్రాణం బయలుదేరబోయేసరికి మాత్రం మిగిలినవన్నీ పెకలిపోతాయి. పైపైన చదివితే ఈ కథ మెదడు మరణమన్న భావనకు అడ్డంగా నిలుస్తుంది: మనస్సు లేకున్నా ఊపిరి ఉంటే చాలునని అది చెబుతున్నట్లుంటుంది. అయితే ఆ కథలో ప్రాణం ఇతరులను నిలిపేది, కదిలించేది. మరొకటి కదిలిస్తే కదిలేది కాదు. కఠోపనిషత్తులో యముడు నచికేతునికి చెప్పేది మరింత స్పష్టం: మర్త్యుడు ప్రాణంవల్లగాని అపానంవల్లగాని జీవించడు, ఆ రెండూ ఆశ్రయించి ఉన్న వేరొక దానివల్ల జీవిస్తాడు. కూడి పనిచేసే వస్తువులన్నీ తమకంటే వేరైన ఒకరి ప్రయోజనం కోసమే పనిచేస్తాయని శంకరులు అక్కడ తర్కిస్తారు. వెంటిలేటర్ ప్రశ్నకు ఇంతకంటే సూటిగా తగిలే తర్కం అరుదు. గాలి ఏ దిశలో కదిలిందన్నది కాక, ఆ కదలిక ఎవరి కోసమన్నదే అడగవలసిన మాట.

విశేషమేమంటే చట్టం, వైద్యం కూడా తమ దారిలో అక్కడికే చేరాయి. 1957 నవంబరు 24న పోప్ పన్నెండవ పయస్, ఇన్స్‌బ్రుక్ వైద్యుడు బ్రూనో హైడ్ వేసిన ప్రశ్నలకు జవాబిస్తూ, అసాధారణమైన చికిత్సను కొనసాగించి తీరాలన్న బాధ్యత ఎవరికీ లేదని, మరణ క్షణాన్ని నిర్ణయించడం వైద్యుల పని అని చెప్పారు. భారతదేశంలో 1994 నాటి అవయవ మార్పిడి చట్టం మెదడు కాండ మరణాన్ని మరణంగా గుర్తించి, నలుగురు వైద్యుల బృందం కనీసం ఆరు గంటల వ్యవధితో రెండుసార్లు పరీక్షించాలని నిర్దేశించింది. వాటిలో ఆప్నియా పరీక్ష కీలకమైనది. రోగికి ముందుగా నూటికి నూరు శాతం ఆక్సిజన్ ఇచ్చి, వెంటిలేటర్‌ను విడదీసి, వాయునాళంలోకి సన్నని గొట్టంతో ఆక్సిజన్ వదులుతూ, దుప్పటి తొలగించిన ఛాతీ, పొట్టల వైపు నిమిషాల తరబడి చూస్తారు; రక్తంలో కార్బన్ డయాక్సైడ్ పీడనం 60 మిల్లీమీటర్లు దాటినా చిన్నపాటి కదలికైనా లేకపోతే మెదడు కాండం ఇక ఊపిరిని కోరడం లేదని నిర్ధారిస్తారు. అంటే ధన పీడనాన్ని పక్కన పెట్టి, శరీరం తనంతట తాను ఆ ఒక్క సెంటీమీటరు రుణ పీడనాన్ని పుట్టించగలదేమోనని వెతకడమే ఈ పరీక్ష. అమెరికా అధ్యక్షుని జీవనీతి మండలి 2008 నివేదిక కూడా ప్రాణిలో లోపలినుంచి పుట్టే ఈ శ్వాస ప్రేరణనే జీవలక్షణాల్లో ప్రధానమైనదిగా ఎంచింది.

ఇక్కడ ఒక అపార్థానికి తావివ్వకూడదు. మెడ దగ్గర వెన్నుపాము తెగినవారు, పోలియోతో కండరాలు పడిపోయినవారు కూడా గాలిని లాగుకోలేరు. కాని వారికి ఊపిరి కావాలి, అందకపోతే ఉక్కిరిబిక్కిరవుతారు, యంత్రం ఇచ్చే శ్వాసతో చదువుతారు, ప్రేమిస్తారు, కోపగించుకుంటారు. యంత్రం నెట్టిన ఆ ఊపిరి పూర్తిగా వారిదే, ఎందుకంటే దానిని కోరేవారు, అనుభవించేవారు అక్కడ ఉన్నారు. పీడనపు గుర్తును చూసి వారి జీవితపు విలువను తగ్గించే వాదం ఏ మతం పేరుతో వచ్చినా తిరస్కరించవలసిందే.

యూదు ధర్మశాస్త్రం ఈ విషయంలో మరో మెలిక చూపుతుంది. కూలిన గోడ కింద చిక్కినవాడు బతికి ఉన్నాడో లేదో ముక్కు దగ్గర ఊపిరిని బట్టి తెలుసుకోవాలని తాల్ముడ్ చెప్పినందున శ్వాసకు అక్కడ ప్రాధాన్యం ఎక్కువ. సాగుతున్న వెంటిలేటర్‌ను ఆపడం చాలామంది రబ్బీల దృష్టిలో నిషిద్ధం, ఆగిపోయినదానిని తిరిగి మొదలుపెట్టకపోవడం మాత్రం కాదు. అందుకే ఇజ్రాయెల్ 2005లో చేసిన చట్టం, వెంటిలేటర్‌కు టైమర్ అమర్చి నిరంతర చికిత్సను విడతల చికిత్సగా మార్చే వీలు కల్పించింది. బయటివారికి ఇది సాంకేతికమైన మార్గంగా తోచవచ్చు, కాని చేసే పనికీ, మానుకునే పనికీ మధ్య భేదాన్ని ఎంత నిష్ఠగా పాటించాలో అది తెలుపుతుంది.

అన్నిటికంటే కష్టమైనది మధ్యస్థితి. నేటి వెంటిలేటర్లలో రోగి తానుగా ఒకటి రెండు సెంటీమీటర్ల రుణ పీడనంతో లాగగానే యంత్రం దానిని పసిగట్టి మిగిలిన గాలిని అందించే పద్ధతి ఉంది; స్పృహ తిరిగిరాదని తేలిన మనిషి కూడా అలా బలహీనంగా లాగుతూనే ఉండవచ్చు. అక్కడ మెదడు కాండ మరణం లేదు, ఆప్నియా పరీక్షకు అర్థం లేదు, రోగి మరణించాడని చెప్పే హక్కు ఎవరికీ లేదు. 2018 మార్చి 9న భారత సుప్రీంకోర్టు అలాంటివారికి చికిత్స ఆపేందుకు అనుమతిస్తూ ఆధారంగా తీసుకున్నది మరణ నిర్వచనాన్ని కాదు, గౌరవంగా మరణించే హక్కును, రోగి ముందుగా రాసి ఉంచిన అభీష్టాన్ని. 2023లో ఆ పత్రాన్ని మేజిస్ట్రేటుకు బదులు నోటరీ లేదా గెజిటెడ్ అధికారి ధ్రువీకరిస్తే చాలునని నిబంధనను సడలించింది.