జంటకు పని, ఒకరికే జీతం

తెల్లారకముందే చేవెళ్ల చుట్టుపక్కల పూలతోటల్లో కోతలు మొదలవుతాయి. గులాబీ, చామంతి పొద్దెక్కకముందే హైదరాబాద్‌లోని గుడిమల్కాపూర్ మార్కెట్‌కు చేరాలి మరి. కోతకు వంగే నడుములు ఎక్కువగా ఆడవాళ్లవే. వాళ్లలో పాలమూరు వైపు నుంచి వలస వచ్చినవాళ్లూ ఉంటారు.

మొయినాబాద్‌ సంగతి వేరు. అక్కడివి ఫామ్‌హౌస్‌లు. కాపలాకు ఒక్క మనిషి చాలడు, జంట కావాలంటారు. భర్త గేటు దగ్గరుంటే భార్య ఊడుస్తుంది, అంట్లు తోముతుంది, మొక్కలకు నీళ్లు పెడుతుంది. జీతం మాత్రం చాలాచోట్ల ఒకటే, అదీ భర్త చేతికే.

ఒడిశాలోని బలంగీర్, నువాపడా జిల్లాల నుంచి తెలంగాణ ఇటుక బట్టీలకు వచ్చేవాళ్లదీ ఇదే లెక్క. అడ్వాన్సు కుటుంబానికి, కూలి వెయ్యి ఇటుకల చొప్పున. మట్టి పిసికిన ఆమె వాటా ఎంతో పద్దులో కనిపించదు. సమాన పనికి సమాన వేతనమని 1976లోనే చట్టం వచ్చింది. విడిగా వేతనమే లేనప్పుడు దేన్ని దేనితో పోల్చాలి?

2025 దాకా అమల్లో ఉన్న 1979 నాటి వలస కార్మికుల చట్టమేమో రాష్ట్రం దాటి వచ్చినవారి కోసం రాసింది. తెలంగాణలోనే కొడంగల్ నుంచి చేవెళ్లకు వచ్చినామె అందులోకి వచ్చేది కాదు.

అసంఘటిత కార్మికుల నమోదు కోసం 2021లో మొదలైన ఈ-శ్రమ్‌లో మాత్రం భార్యాభర్తలకు వేర్వేరు కార్డులు, 12 అంకెల వేర్వేరు నంబర్లు. ఆమె తన పేరున నమోదు చేసుకోవచ్చు. జీతం ఎవరి చేతికివ్వాలో ఆ కార్డు చెప్పదు.