ముప్ఫై రోజుల మర్యాద

చెవుడున్న మేనత్త ఇంటికొస్తే మనం గొంతు పెంచి మాట్లాడతాం. 'అత్తయ్యా, మీకు సరిగ్గా వినపడదు, ముందు వెళ్ళి చెవులు చూపించుకు రండి, అప్పుడు కబుర్లు చెప్పుకుందాం' అనం. అన్నవాణ్ణి పదిమందీ మెచ్చుకోరు. ఎదటివారు ఎక్కడ ఆగిపోయారో అక్కడికి మనమే నాలుగడుగులు వెనక్కి నడిచి వెళ్ళడం మర్యాదలో సగం పాలు.

మరి ఈ మర్యాద ఎంతకాలం చెయ్యాలి? ఎవరికి చెయ్యాలి? చేసినందుకయ్యే ఖర్చు ఎవరు పెట్టుకోవాలి? మేనత్తల విషయంలో ఈ ప్రశ్నలు వేసుకునేవాడు పాపాత్ముడు. కంప్యూటర్ల విషయంలో మాత్రం వేసుకోక తప్పేట్టు లేదు.

సంగతేమిటంటే, ఇంటర్నెట్టు చూడడానికి వాడే బ్రౌజర్లలో మైక్రోసాఫ్ట్ వారి ఎడ్జ్ ఒకటి. దాని సెట్టింగుల్లో ఓ మూల 'ఇంటర్నెట్ ఎక్స్‌ప్లోరర్ మోడ్' అని ఒక ఏర్పాటు వుంది. ఎక్స్‌ప్లోరర్ అంటే ఈ ఎడ్జ్‌కి పెదనాన్న వరస. 1995లో పుట్టి, ఒకప్పుడు లోకాన్నంతా ఏలి, 2022 జూన్ 15న పదవీ విరమణ చేశాడు. చేశాడన్న మాటే గాని ఇల్లు వదలలేదు. కొత్త బ్రౌజరుకి అంతుపట్టని పాత వెబ్‌సైటు ఏదైనా ఎదురైతే లోపలి గదిలోంచి పెదనాన్నని కేకేస్తారు. ఆయన కళ్ళజోడు పెట్టుకొచ్చి, ఆ ఒక్క పేజీ చదివిపెట్టి, మళ్ళీ వెళ్ళి పడుకుంటాడు. కనీసం 2029 దాకా ఆయన్ని ఇంట్లో వుంచుకుంటామని మైక్రోసాఫ్ట్ వారు మాటిచ్చారు.

పాత పేజీ ఎందుకు అంతుపట్టదు? చెడిపోయిందా అంటే అదేం లేదు. తాటాకులకి చెదలు పడతాయి గాని వీటికి పట్టవు. రాసినవాడు రాసిన ప్రతి అక్షరమూ అలాగే వుంటుంది. మారింది చదివేవాడు. పోనీ పాతవన్నీ ఇంతేనా అంటే అదీ కాదు. 1996లో స్పేస్ జామ్ అనే అమెరికా సినిమాకోసం కట్టిన సైటు ఏ మోడూ అక్కర్లేకుండా కొత్త బ్రౌజర్లలో కూడా శుభ్రంగా తెరుచుకుంటూ వచ్చింది. 2021లో రెండో సినిమా తీసినప్పుడు దాన్ని కాస్త పక్కకి జరిపారే గాని పడగొట్టలేదు. అందరూ మాట్లాడే భాషలో రాసిన పేజీ అది. చిక్కల్లా ఒక్క ఎక్స్‌ప్లోరర్‌కి మాత్రమే తెలిసిన యాసలో రాసినవాటితో.

ఆ యాస ఎలా పుట్టిందో చెప్పాలంటే ఒక కొలతల తగాదా చెప్పాలి. వెబ్ పేజీలో ప్రతి ముక్కా ఒక పెట్టె. పెట్టె వెడల్పు ఇంత అని రాస్తే అది లోపలి చోటు కొలతేననీ, అంచులూ చుట్టూ వదిలిన ఖాళీ విడిగా కలుపుకోవాలనీ ప్రమాణాలు రాసిన పెద్దలు నిర్ణయించారు. ఎక్స్‌ప్లోరర్ మాత్రం అయిదో అవతారం దాకా అంచులతో సహా కొలిచింది. ఫ్లాటు కొనుక్కున్నవాళ్ళకి ఇది విడమర్చి చెప్పనక్కర్లేదు. గోడలు వదిలేసి కొలిస్తే ఒక లెక్క, గోడలు కలిపితే ఇంకో లెక్క, బిల్డరు కొలిస్తే మూడో లెక్క.

ఊరంతా ఎక్స్‌ప్లోరరే వాడుతున్న రోజులు కనక పేజీలు కట్టేవాళ్ళు చాలామంది దాని కొలతకే కట్టారు. 2001లో వచ్చిన ఆరో అవతారం సరైన కొలత నేర్చుకుంది. నేర్చుకుందా, వెంటనే కొత్త చిక్కు! తప్పు కొలతకి జాగ్రత్తగా కట్టిన ఇళ్ళన్నీ సరైన కొలతలో వంకరగా కనిపిస్తాయి. అందుకని ఒక రాజీ కుదిర్చారు. పేజీ నెత్తిమీద 'నేను ప్రమాణాల ప్రకారం వున్నాను' అని ప్రకటన వుంటే కొత్త కొలత, లేకపోతే పాత కొలత. 2009లో ఎనిమిదో అవతారం మరికాస్త బుద్ధి తెచ్చుకుని వచ్చింది. బుద్ధి పెరిగినకొద్దీ చిక్కులూ పెరిగాయి. అడ్రసు పక్కనే చిరిగిన కాగితం బొమ్మతో ఒక మీట పెట్టాల్సివచ్చింది. పేజీ చిందరవందరగా వుంటే అది నొక్కండి, నా పాత బుద్ధితోనే చదువుతాను, అని.

బళ్ళో పంతులుగారు పదేళ్ళపాటు పిల్లలందరికీ 'విధ్యార్థి' అని ధకి ఒత్తుపెట్టి నేర్పారనుకోండి. పదకొండో ఏట ఎవరో చెప్పగా తప్పు తెలుసుకున్నారు. సంతోషం. కాని మర్నాటినించీ 'విధ్యార్థి' అని రాసినవాళ్ళందరికీ సున్నా వేస్తానంటే ఒప్పుకుంటామా? నేర్పింది తమరే కదండీ అనమూ? కనక ఈ మోడు పెట్టడంలో నాకు దయ పాలు తక్కువగానూ, బాకీ తీర్చడం పాలు ఎక్కువగానూ కనిపిస్తుంది.

ఇంకో సంగతి. ఈ మర్యాద వెబ్‌సైటుకి జరుగుతున్నట్టు వుంటుంది గాని అందుకునేది దానిముందు కూర్చున్న మనిషి. ఏదో ఆఫీసువారు పదిహేనేళ్ళ కిందట టెండర్లకోసం ఒక సైటు కట్టించారనుకుందాం. కట్టిన కంపెనీ ఎత్తేశారు. దాని ఆనుపానులు తెలిసినాయన రిటైరై మనవల్ని ఆడిస్తున్నారు. సాయంత్రం అయిదింటిలోగా ఓ చిన్న కాంట్రాక్టరు కాగితాలు దాఖలు చెయ్యాలి. 'ఇది పాతది, నేను చచ్చినా తెరవను' అని బ్రౌజరు భీష్మించుకుంటే ఆఫీసుకి పోయేదేమీ లేదు, కాంట్రాక్టరుకి ఏడాది పని పోతుంది. ఇవాళ్టి ఆదర్శాలన్నీ కౌంటరుకి ఇవతల నిలబడ్డవాడి ఖర్చుమీదే నడుస్తాయేమిటో!

అలాగని ఎల్లకాలం సర్దుకుపోతే ఏమవుతుందో దక్షిణ కొరియాలో చూడొచ్చు. 1990ల చివర గట్టి రహస్యలిపి విద్యని అమెరికా బయటిదేశాలకి సులువుగా ఇచ్చేది కాదు. బ్యాంకు పనులకి అది లేకపోతే ఎలా? కొరియావారు 'సీడ్' అని సొంతంగా ఒకటి తయారుచేసుకున్నారు. బ్రౌజర్లకి అది తెలియదు కనక, ఎక్స్‌ప్లోరర్‌లో మాత్రమే పనిచేసే యాక్టివ్ఎక్స్ అనే అతుకు వేసి దాన్ని నడిపించారు. ఏమాటకామాటే చెప్పుకోవాలి, చేసినప్పుడు అది తెలివైన పనే. తరవాత అమెరికా ఆంక్షలు సడలాయి, మెరుగైన బ్రౌజర్లు వచ్చాయి, అతుకు మాత్రం అలాగే వుండిపోయింది. బ్యాంకుకీ అదే, బజారుకీ అదే. 2014లో ఒక టీవీ సీరియల్లో నాయిక వేసుకున్న కోటు చూసి చైనావాళ్ళు మనసుపడ్డారట. కొందామంటే ఈ అతుకులూ, ధ్రువపత్రాలూ అడ్డమొచ్చి కొనలేకపోయారని సాక్షాత్తూ ఆ దేశాధ్యక్షురాలే వాపోయింది. ఆ ధ్రువపత్రాలకి చట్టమిచ్చిన ప్రత్యేక హోదా ఊడింది 2020 డిసెంబరులో. ఇరవయ్యేళ్ళు! కారే కుళాయి కింద బకెట్టు పెట్టినవాడికి ప్లంబరు ఇంక గుర్తొస్తాడా?

2022లో ఎక్స్‌ప్లోరర్ రిటైరైనప్పుడు గ్యోంగ్జు నగరంలో ఒక ఇంజనీరు 4,30,000 వోన్లు ఖర్చుపెట్టి దానికి సమాధిరాయి చెక్కించాడు. వేరే బ్రౌజర్లని దించుకోవడానికి మంచి పనిముట్టుగా వుండేవాడని దానిమీద రాయించాడు. తిట్టో దీవెనో చదివినవాళ్ళ ఇష్టం.

సమాధి అక్కడ కట్టారు గాని పెదనాన్న ఇక్కడ బతికే వున్నాడని చెప్పాను కదా. అదీ ఒక ప్రమాదమే. పెద్దవయసు మనిషి, వచ్చినవాడెవడో చూసుకోకుండా తలుపు తీసేస్తాడు. 2025 ఆగస్టులో ఆ సంగతి బయటపడింది. మోసగాళ్ళు నిజమైనదానిలా కనిపించే ఒక దొంగ సైటు చూపించడం, దీన్ని ఎక్స్‌ప్లోరర్ మోడ్‌లో మళ్ళీ తెరవండని చెప్పించడం, తెరవగానే ఆయనలోని పాత లోపాల్లోంచి దూరి కంప్యూటరుని చేతిలోకి తీసుకోవడం. అందుకని మైక్రోసాఫ్ట్ వారు మామూలువాళ్ళకి ఆ మోడు సులువుగా అందకుండా పైనున్న మీటలు తీసేశారు. ఇప్పుడు సెట్టింగుల్లోకి వెళ్ళి, ఫలానా పేజీకి అని పేరు రాసి చేర్చుకోవాలి.

అలా చేర్చుకున్న పేజీకి 30 రోజులే గడువు. తరవాత దానంతటదే జాబితాలోంచి పోతుంది. ఈ మొత్తం వ్యవహారంలో నాకు నచ్చిన ముక్క ఇది. సాయం చేశాం, కాదనలేదు, ఎప్పటిదాకా అన్నదీ మొహంమీదే చెప్పాం. అప్పిచ్చేటప్పుడు గడువు అడగడానికి మొహమాటపడి, తరవాత పదేళ్ళు ఎడమొహం పెడమొహంగా వుండే మన బంధువర్గంకన్నా ఇది నయం.

గడువు అక్కర్లేని చోటు కూడా ఒకటుంది. తెలుగుకి యూనికోడ్‌లో 1991లోనే చోటు దొరికినా, మన పత్రికల సైట్లు చాలాకాలం ఎవరి ఖతి వాళ్ళు పెట్టుకుని నడిచాయి. ఆ ఖతి లేని కంప్యూటర్లో తెలుగుకి బదులు ఇంగ్లీషక్షరాలూ, తలాతోకా లేని గుర్తులూ ప్రత్యక్షమయ్యేవి. ఫైర్‌ఫాక్స్‌కి 'పద్మ' అనే చిన్న ఉపకరణం తగిలిస్తే ఆ గీతలన్నీ చదవదగ్గ తెలుగైపోయేవి. అప్పటి పాత సంచికల పేజీలని ఇంక దిద్దేవాడెవడు? రాసినవారిలో కొందరు లేరు, కట్టినవారు ఎక్కడున్నారో తెలియదు. అలాంటివాటిని చదవడానికి మనమే వంగాలి, ఎన్నాళ్ళయినా వంగాలి. అరసున్నలూ బండిరలూ వున్న పుస్తకాన్ని తాతగారు లేచొచ్చి సవరించాలని ఎవరం కోరం కదా. జీతాలిచ్చుకుంటూ, రుసుములు వసూలు చేసుకుంటూ, రోజూ తలుపులు తెరిచే ఆఫీసు సైటు సంగతి వేరు. దానికి 30 రోజులు చాలు.

ముప్ఫై ఒకటో రోజున మళ్ళీ చేర్చుకుంటారు, ఆమాత్రం దానికి గడువెందుకూ అంటారా? చేర్చుకోనివ్వండి. 'వీళ్ళింకా దీన్ని బాగుచెయ్యలేదా' అని ఏడాదికి పన్నెండుసార్లు ఒక మనిషి విసుక్కుంటాడు. పెద్ద కంపెనీల్లో ఆ విసుగుకి కూడా అవకాశం లేదు. అక్కడ కంప్యూటర్ల విభాగంవారు ముందే ఒక జాబితా రాసిపెడతారు, దానికి ఈ 30 రోజుల నియమం వర్తించదు. పనిచేసుకునే గుమాస్తా ఏ మీటా నొక్కకుండానే పెదనాన్న లేచొచ్చి చదివేస్తుంటాడు. అడ్రసు పక్కన బుల్లి 'ఇ' బొమ్మ ఒకటి కనిపిస్తుంది, అంతే. ఆ జాబితా రాసినవాళ్ళలో ఎంతమంది 2029లో అదే కుర్చీలో వుంటారో మరి!